మొగ ఊకొట్టిన పేరు

గవ్వలదిబ్బలో మనిషి పోయాడని మొగ ఒప్పుకునేదాకా ఎవరూ ఏడవకూడదు.

నాగాయలంక దాటి పడవలో వెళ్తే, ఏరు సముద్రంలో కలిసే మొగ పక్కన ఉండేది ఆ పల్లెపాలెం. వేటకెళ్ళినవాడు తిరిగి రాకపోతే, అమావాస్యనాడు పొద్దుగూకే వేళ అతని తల్లి మోకాటిలోతు నీళ్ళలో నిలబడి కొడుకును పేరు పెట్టి గట్టిగా పిలిచేది. పోయినవాడైతే ఆ పేరు తగిలిన నీళ్ళు నీలంగా వెలిగేవి. వెలుగుతోపాటే, ఇత్తడి బిందె అంచును తట్టినట్టు ‘ఊఁ’ అని మోత పుట్టి, వెలుగు పాకినంత దూరమూ పాకేది. మొగ ఊకొట్టింది అనేవాళ్ళు. ఆ తర్వాతే ఏడుపు, కర్మ. నీళ్ళు నల్లగా ఉండిపోతే మనిషి ఎక్కడో బతికే ఉన్నట్టు లెక్క. బతికున్నవాడి కోసం ఏడవటం అరిష్టం.

కొండమ్మ అలా రెండేళ్ళు ఏడుపు మింగుకుంది.

ఆమె మొగుడు పోలయ్య గాలివానలో చిక్కుకున్నాడు. అతని పడవ చెక్కలు ఒడ్డుకు కొట్టుకొచ్చాయి, అతను రాలేదు. అత్త పాపాయమ్మ అమావాస్య అమావాస్యకూ మొగలో దిగి పిలిచింది. నీళ్ళు పలకలేదు. “ఏ ఓడో ఎక్కించుకుని ఉంటది. బర్మా పోయి రంగం చేరుంటాడు నా కొడుకు” అనేది. రోజూ పోలయ్య కంచంలో అన్నం పెట్టి మూత వెయ్యాలి. తెల్లారి ఆ చద్దన్నం కొండమ్మే తినాలి.

“ఏమే, కళ్ళెంట ఆ నీళ్ళేంటి? మావాణ్ణి చంపుదామనా?”

“ఉల్లిపాయలత్తా.”

“ఉల్లిపాయలు ఇంట్లో ఎక్కడున్నయ్యే?”

పాపాయమ్మకు మోకాళ్ళు పట్టేశాక, కొండమ్మే ఆమె మోచెయ్యి పట్టుకుని నీళ్ళలోకి దించవలసి వచ్చింది. అలా దించిన మొదటి అమావాస్యనాడు జనమంతా దూరంగా ఒడ్డున ఉన్నారు. “నాయనా! ఒరే నా తండ్రీ!” అని పాపాయమ్మ గొంతు చించుకుంది. ఆ వెనక రావలసిన పేరు మాత్రం పెదాల మీదే ఆడి ఆగిపోయింది. పక్కనున్న కొండమ్మకే వినపడలేదు. ఇంతకాలమూ మొగను అడిగినవాళ్ళే లేరని అప్పుడు తెలిసింది.

“అత్తా, పేరు పలకలేదు నువ్వు.”

“పలికా.”

“పలకలేదు. మళ్ళీ పిలు.”

“నోర్ముయ్యవే. నవమాసాలు మోసింది నేను. నీకేం, మారుమనువుకి పోతావు.”

పెళ్ళినాడు గడప దగ్గర అందరూ చెప్పించిన ఆ ఒక్కసారి తప్ప కొండమ్మ ఎన్నడూ మొగుడి పేరు ఎత్తలేదు. ఇప్పుడు తలెత్తి, సముద్రం వైపు తిరిగి, “పోలయ్యా!” అని అరిచింది.

ఆమె మోకాళ్ళ చుట్టూ పుట్టిన వెలుగు మడచెట్ల దాకా పాకింది. మోత పాదాల్లోంచి పళ్ళలోకి ఎక్కింది. పక్కన అత్త ముఖం నీలంగా, నోరు తెరుచుకుని ఉంది. ఆ ముఖం కొండమ్మను ఆ తర్వాత ఏ ఊళ్ళోనూ వదల్లేదు.

కులపెద్ద రత్తయ్య ఒడ్డునే తీర్పు చెప్పేశాడు.

“మొగ అబద్ధమాడదు. పోలయ్య పోయాడు. కానీ మొన్నటి అమావాస్యకి పోలేదుగా, తల్లి పిలిస్తే నీళ్ళు వెలగలేదు! పెళ్ళాం నోట పేరొచ్చింది, ఆయుష్షు తీరింది.”

“చెక్కలు రెండేళ్ళనాడే వచ్చినయ్యి గదా, మావా!”

“చెక్కలొస్తే పోయింది పడవమ్మా. మనిషి కాదు.”

పాపాయమ్మ తను పేరు మింగానని చెబితే చాలు, కొండమ్మ బయటపడేది. చెప్పలేదు. ఆడవాళ్ళు పాపాయమ్మను నడిపించుకెళ్ళి, చుట్టూ కూర్చుని గుండెలు బాదుకున్నారు. కొండమ్మ వెళ్ళి ఆ వరసలో కూర్చోబోతే ఎవరో చెయ్యి అడ్డం పెట్టారు. “చంపినదానికి ఏడుపేంటే?”

పెద్దకర్మ ఆమె లేకుండానే జరిగింది. మారుమనువుకీ ఎవరూ అడగలేదు. బందరు వెళ్ళి చేపల బజారులో ఎండురొయ్యల గంప పెట్టుకుంది. గయ్యాళి అన్నారు అక్కడి వాళ్ళు. ఆమె కంట తడి మాత్రం ఎవరూ చూడలేదు.

కొన్నేళ్ళకు గవ్వలదిబ్బ నుంచి మాణిక్యం అనే పిల్ల వెతుక్కుంటూ వచ్చింది.

“అక్కా, మా ఆయన రాక ఏడాదైంది. మా అత్త పేరు పలక్కుండా ఉత్త పెదాలే ఆడిస్తంది. నువ్వొచ్చి పిలవ్వా?”

“నీకు నోరు లేదా?”

“అమ్మో, ఆ నింద నేను మొయ్యలేను. నిన్నెలాగూ అంటానే ఉన్నారు గదా. ఇంకోటి కలిస్తే నీకేంటక్కా?”

కొండమ్మ నవ్వింది. పక్క గంపలవాళ్ళు తిరిగి చూశారు ఆ నవ్వుకు.

“ఒకణ్ణి చంపా, చాలు. నీవాణ్ణి నువ్వే చంపుకో, పో.”

మాణిక్యం కళ్ళు తుడుచుకోబోయి, తమ ఊరివాళ్ళు ఎవరన్నా ఉన్నారేమోనని చుట్టూ చూసి, చెయ్యి దించేసింది. నుదుట బొట్టు సరిచేసుకుని అవనిగడ్డ బస్సు ఎక్కింది.