రోడ్డు మీద దిగబడిన జీపు

పొడంపేటలో గురువమ్మ నోటికి జడవనివాడు ఆమె మొగుడు కూర్మయ్య ఒక్కడే. ఇంట్లో మాటలన్నీ ఆమెకే వదిలేసి, తెప్ప ఎక్కి సముద్రం మీదికి పోయేవాడు. ఆమె ఎండుచేపల గంప నెత్తిన పెట్టుకుని ఏటిగట్టు బురదలో పడి కొడల సంతకు నడిచేది. ఒక వానాకాలం ఆ బురదలోనే జారిపడి, కాలు విరిగి రెండు నెలలు మంచాన ఉంది. లేచాక చేసిన మొదటి పని, సర్కారు కచేరీలో నడిచే ఒరియా వచ్చిన ఒక పంతులు చేత ఊరికి రోడ్డు కావాలని అర్జీ రాయించడం.

ఆ ఊరికి రోడ్డు వేసి ఆరేళ్లయిందని కచేరీ నుంచి జవాబు వచ్చింది.

గురువమ్మ ఆ జవాబు రెండుసార్లు చదివించుకుంది. మా రోడ్డు ఎవరో ఎత్తుకుపోయారు, వెతికించండి అని మళ్లీ రాయించింది. పంతులు వద్దంటున్నా వినలేదు.

దాని మీద విచారణకు బరంపురం నుంచి వేణుగోపాలరావు అనే అధికారి వచ్చాడు. యుద్ధం ముగిశాక మిలిటరీవాళ్లు అమ్మేసిన జీపులో, తనే తోలుకుంటూ వచ్చాడు. అది బర్మా అడవుల్లో తిరిగిన బండి, ఎక్కడా ఆగదని దారిలో కనబడ్డవాళ్లకల్లా చెప్పాడట. ఊరు ఇంకా పావుమైలు ఉందనగా ఇరుసు దాకా దిగబడింది. ఆయన చక్రాలు తిప్పినకొద్దీ బండి లోపలికి, బురద ఆయన మొహం మీదికి పోయాయి. పక్కన ఏట్లోకి పోటు ఎక్కుతోంది.

గురువమ్మ ఊరిని వెంటబెట్టుకు వచ్చింది. చక్రాల ముందు బురద తవ్వించింది, సరుగుడు కొమ్మలు పరిపించింది, పెద్దవల తాడు తెచ్చి జీపు ముందు కట్టించింది. ఆయన మాత్రం బూట్లు ఒళ్లో పెట్టుకుని బండిలోనే కూర్చున్నాడు.

"తవరు దిగండి బాబూ. ఆ బరువు కూడా మేం లాగలేం," అంది గురువమ్మ.

ఆయన దిగాడు. ఆయన చోట ఎముకల గూడులాంటి ముసలి జగ్గమ్మను కూర్చోబెట్టి, ఎదురుగా ఉన్న స్టీరింగు చక్రాన్ని కదలనివ్వొద్దని చెప్పారు. జగ్గమ్మ కళ్లు మూసుకుని పట్టుకుంది. నలభైమంది తాడు పట్టారు, వాళ్ల మధ్యన వేణుగోపాలరావూ పట్టాడు. నాలుగో ఊపుకి జీపు పైకొచ్చింది, ఆయన వెనక్కి వెల్లకిలా పడ్డాడు. ఊరంతా నవ్వింది. కాసేపటికి ఆయనా నవ్వాడు. గురువమ్మకు అప్పుడు విరిగిన కాలు సలుపుతోంది, ఎవరికీ కనబడకుండా తాడు చుట్టే నెపంతో కూలబడింది.

ఆయన కాగితం తీసి, బండి దిగబడిన చోటును ఏమంటారని అడిగాడు.

"రోడ్డనే రాయండి బాబూ. మీ కాయితంలో ఉన్నాది కదా," అందామె.

ఆయన చేతి బురద చొక్కాకు తుడుచుకుని, చాలాసేపు రాశాడు.

ఏం రాశాడో గానీ రెండేళ్లకు కంకర బళ్లు వచ్చాయి. కొత్త రోడ్డు మీద మొదటిసారి సంతకు పోతూ గురువమ్మ సగం దారిలో గంప దించింది. రాళ్లు కాళ్లకు గుచ్చుకుంటున్నాయని వేయించినవాళ్లందరినీ పేరుపేరునా తిట్టి, మళ్లీ గంప ఎత్తుకుంది.