మాస్టారు రాసిన హిందీ అక్షరాలు

సోమవారం పొద్దున ఫీనిక్స్ బే రేవులో పడవ టికెట్టు కోసం లైన్లో ఉన్నాను. సరిగ్గా నా వంతు వచ్చేసరికి ఫోను మోగింది. ఒకప్పుడు జెట్టీలో బరువులు మోసినవాడు, మేమంతా భయ్యా అని పిలిచేవాడు. "మాస్టారు గుజర్ గయే రా," అని మాత్రం అన్నాడు. మాస్టారు పోయారు. టికెట్టు తీసుకోకుండానే లైన్లోంచి బయటికొచ్చేశాను.

ఆయన బళ్లో పాఠాలు చెప్పిన మాస్టారు కాదు. నాటకాలు రాసి, తనే వేషం కట్టి, మాచేత ఆడించిన మాస్టారు. జెట్టీ కూలీల కష్టాలు, ఫెరార్‌గంజ్ రైతుల నీళ్ల తగాదాలు, ఎక్కడ గొడవుంటే అక్కడ ఆయన నాటకం ఉండేది. మైకు లేదు, పరదా లేదు. ఉన్నదల్లా గొంతు. చౌల్దారీ ఊళ్లో పద్యం ఎత్తుకుంటే రోడ్డు మీద బస్సులో వాళ్లు కూడా తలలు బయటపెట్టి వినేవారు.

మేం ఈ దీవుల్లో పుట్టి పెరిగినవాళ్లం. తెలుగు గడగడా మాట్లాడతాం, చదవమంటే నీళ్లు నములుతాం. అందుకని ఆయన మా కోసం తెలుగు మాటల్ని హిందీ అక్షరాల్లో రాసేవారు. మేం సిగ్గుపడితే నవ్వి, "మాట నీదైతే చాల్రా, అక్షరం ఎవరిదైతే ఏటి?" అనేవారు.

ఒకసారి భయ్యా బియ్యం బస్తాతో పడవకి వేసిన తడి బల్ల మీంచి జారి కాలు విరగ్గొట్టుకున్నాడు. ఆ రోజు అతను అసలు పనిలోకే రాలేదని కాంట్రాక్టరు బుకాయించాడు. వచ్చాడని నాకు తెలుసు. పడినప్పుడు పక్కనే ఉన్నాను. కానీ మా సొంత అన్న ఆ కాంట్రాక్టరు దగ్గరే పనిచేసేవాడు. నోరు కుట్టేసుకున్నాను. మాస్టారు నన్నేమీ అడగలేదు. దాని మీదే నాటకం రాసి, సాక్షి వేషం నాకిచ్చారు. ఎంత కోపమొచ్చిందో!

ఆట మొదలయ్యే ముందు పోలీసు అధికారి వచ్చాడు. పక్కనే కాంట్రాక్టరు. అధికారి మాస్టారి నాటకం నోటుబుక్కు తీసుకుని పైకి చదవడం మొదలెట్టాడు. హిందీ అక్షరాలాయె, చదవడం వచ్చు, అర్థం మాత్రం తెలీదు. ఆయన ఒక్కో మాటా కూడబలుక్కుంటుంటే చుట్టూ ఉన్న తెలుగు కూలీలకు నాటకమంతా వినబడిపోతోంది. నవ్వడానికి ఎవరికీ ధైర్యం లేదు. సాక్షి చెప్పే చివరి మాట దగ్గర ఆగి, నా వైపు తిరిగి అర్థం చెప్పమన్నాడు.

"సముందర్ కే బారే మే హై, సాబ్," అన్నాను. సముద్రం గురించట! నా మొహం.

వెనకనుంచి మాస్టారి గొంతు మెల్లగా వినిపించింది. "ఉన్నదున్నట్టు చెప్పేయ్ బాబూ. ఆట పోతే పోనీ."

కాంట్రాక్టరు నన్నే చూస్తున్నాడు. భయ్యా కట్టుకట్టిన కాలు చాపుకుని నేల మీద కూర్చున్నాడు, తల కూడా ఎత్తలేదు. నాకు ఏడుపొచ్చింది. చెప్పేశాను.

"వో ఉస్ దిన్ కామ్ పే థా. మైనే దేఖా." ఆ రోజు అతను పనిలోనే ఉన్నాడు, నేను చూశాను.

"కిస్‌నే దేఖా?" అన్నాడు అధికారి. "తూనే?" చూసింది నువ్వేనా అని.

"హా సాబ్. నేనే."

ఆ సాయంత్రం ఆట జరగలేదు. నా వాంగ్మూలం రాసుకున్నారు. భయ్యా వైద్యం కాంట్రాక్టరు చేయించక తప్పలేదు. మా అన్న పని పోయింది. మాస్టారు చేపలు పట్టుకుని మా ఇంటికొచ్చి, "తిడితే నన్ను తిట్టు, వాణ్ణి కాదు," అన్నారు. అన్న నిజంగానే తిట్టాడు. ఆయన అంతా విని, టీ తాగి వెళ్లారు.

నాకిప్పటికీ భయమే. కానీ ఆ రోజు నోరు విప్పకపోయి ఉంటే భయ్యా మొహం ఎలా చూసేవాణ్ణి? ఆ మేలు మాస్టారిదే.

ఆయనకు నా అన్నవాళ్లు లేరు. నిన్న మరణం నమోదు చేయించడానికి నేనూ భయ్యా వెళ్లాం. గుమాస్తా పేరూ వయసూ రాసుకుని, ఏం పని చేసేవారని అడిగాడు. నాటకాలు రాసేవారు, ఆడేవారు అన్నాను. జీతం ఎవరిచ్చేవారన్నాడు. ఎవరూ లేరన్నాను.

"తో కామ్ కుఛ్ నహీ," అంటూ, పనేమీ లేదని రాయడానికి కలం దించబోయాడు.

కాగితం మీద చెయ్యి అడ్డం పెట్టాను. "నహీ సాబ్. వో కామ్ పే థే. మైనే దేఖా."

బెంచీ మీదున్న భయ్యా కర్ర నేలకు ఆనించి, ఆ వంకర కాలి మీదే లేచి నిలబడ్డాడు.

"మైనే భీ దేఖా. నేనూ," అన్నాడు.