మేడ మీది టికెట్

రెండు వేళ్లతో ఒక మహలు పరువు తీయవచ్చని చాలామందికి తెలియదు. నాకు తెలుసు, తీసింది నేనే కాబట్టి. సూరత్‌లోని బమ్రోలిలో మా పక్క గదులవాళ్లకు ఆ రోజుల్లో నేను చెప్పుకున్న కథ వేరు. నన్ను చూడగానే మహలువాళ్లు టికెట్ లేకుండా మేడ మీదికి తీసుకుపోయారని చెప్పేవాణ్ని. అందులో అబద్ధం లేదు. ఎలా తీసుకుపోయారో చెప్పలేదు, అంతే. ఇప్పుడు జుట్టు నెరిసింది, సిగ్గు కూడా కొంత పాతబడింది. చెప్పేస్తాను.

రెండు వేల సంవత్సరం దాటిన కొత్తలో నేను ఉధ్నాలో పవర్‌లూమ్ మీద పనిచేసేవాణ్ని. పెళ్లయిన ఏడాదికి నా భార్య సుజాత సిరిసిల్ల నుంచి సూరత్ వచ్చింది. వచ్చిన వారంలోనే పక్కగది ఆవిడ ఆమె చెవిలో ఒక మాట వేసింది. ఊరి బయట ఎప్పటిదో దొరవారి తోట ఉందట, తోటలో మహలు ఉందట, మేడ మీద గోడలూ కప్పూ అన్నీ అద్దాలే అయిన గది ఉందట, ఆ గదిలో వెండి గొలుసుల ఉయ్యాల ఉందట. ఇక సుజాతకు అన్నం సయించలేదు.

"గా అద్దాల గది ఒక్కటి సూపెట్టు. సూరత్‌ల ఇంకేం అడుగ" అంది.

"గదెంత పని? నేను మస్తుసార్లు పోయిన" అన్నాను. ఒక్కసారి కూడా పోలేదు.

మగ్గాలకు కరెంటు ఆపే సెలవు రోజు చూసుకుని బస్సెక్కాం. గేటు దగ్గర రేట్ల బోర్డు చూసి నా కళ్లు తిరిగాయి. తోటకు పది, కింది అంతస్తుకు ఇరవై, మేడ మీదికి యాభై. గుర్రపుబండికి వేరే, కెమెరాకు వేరే, చెప్పులు విడవడానికి కూడా వేరే. గేటు బయట నిలబడి గాలి పీల్చడానికి మాత్రం ఏమీ రాయలేదు, మరచిపోయి ఉంటారు. నేను తోటకూ కింది అంతస్తుకూ టికెట్లు కొని, ఇక చాలన్నట్టు పర్సు మూశాను.

"మరి మీదికి?" అంది సుజాత.

"మీదేముంటది? పాత సామాను ఏసుకునే గదులు."

"అద్దాలు?"

"ఎప్పుడో పలిగినయంట."

ఆమె మేడ కిటికీల వైపు ఒకసారి చూసి లోపలికి నడిచింది. ఆ చూపుకు పడుగు తెగిన మగ్గంలా నా నడక ఒక్కసారి ఆగింది. అయినా యాభై రూపాయలు యాభై రూపాయలే కదా!

లోపల హాలు చూడటానికి తల బాగా వెనక్కి వంచాల్సి వచ్చింది. కప్పు ఎంత ఎత్తంటే మా బమ్రోలి గదులు మూడు నిలువుగా పేర్చినా ఇంకా పిల్లలు గాలిపటం ఎగరేసుకునే చోటు మిగులుతుంది. దీపాల గుత్తులు గాజుతో చేసిన వానలా వేలాడుతున్నాయి. అవన్నీ ఒక ఎత్తు. మెట్ల పక్క గుమ్మానికి ఒక తెర ఉంది, దాన్ని చూశాక టికెట్ ధరే మరచిపోయాను.

ఎర్రటి పట్టు మీద జరీ నెమళ్లు. ఏ రెండు ఈకలదీ ఒకే రంగు కాదు. అలవాటు కొద్దీ తిరగేసి చూశాను. వెనకవైపూ అంతే శుభ్రంగా ఉంది. రోజంతా మోత మోగించి తాన్లకు తాన్లు నేసే నా మగ్గం ఆ నెమలి కన్ను ఒక్కటి నేయలేదు. ఎవరో ఒకాయన గుంటమగ్గంలో కాళ్లు పెట్టుకుని ఆ కన్ను కోసం ఎన్ని పొద్దులు వంగి కూర్చున్నాడో. నా చేతులు వాటంతటవే జోడించుకున్నాయి.

అవి అలాగే ఉండి ఉంటే ఈ కథ లేదు.

నెమలి మెడ దగ్గర ఒక జరీ పోగు వేలాడుతోంది. మా పనిలో వేలాడే పోగు కనిపిస్తే తుంచేయాలి. లేకపోతే సేఠ్ ఆ తానును డ్యామేజీలో వేసి కూలి కోస్తాడు. నిద్రలో దుప్పటి పోగు కనిపించినా తుంచే చేతులు మావి. రెండు వేళ్లతో పట్టి లాగాను. పోగు తెగలేదు, వచ్చింది. ఇంకొంచెం లాగాను, ఇంకొంచెం వచ్చింది. ఎక్కడో ఒకచోట తెగుతుంది కదా అని లాగుతూనే ఉన్నాను. తల ఎత్తి చూసేసరికి నెమలికి తల ఉంది, తోక ఉంది, మధ్యలో మెడ లేదు.

"ఏ భాయ్, యే క్యా కియా?"

కావలి మనిషి నా కాలర్ పట్టుకున్నాడు. ఆఫీసు మేడ మీద ఉందట. దానికి దారి అద్దాల గదిలోంచేనట.

అలా ప్రవేశించాను అద్దాల గదిలోకి. గోడల నిండా నేనే. కప్పు మీద కూడా నేనే, తలకిందులుగా. వందల కాలర్లు, వాటిని పట్టుకున్న వందల చేతులు. అంతమంది నేరస్థుల్లో ఒక్కడికీ తల దాచుకునే చోటు లేదు. వెనక వందలమంది సుజాతలు, అందరివీ తెరిచిన నోళ్లే. ఆ వెలుగులో ఆమె ముఖం చూసి నేను కూడా ఒక్క క్షణం నా కాలర్ సంగతి మరచిపోయాను.

"భయ్యా, జర ధీరే చలో" అని సుజాత కావలి మనిషిని బతిమాలింది. అతను నిజంగానే నడక తగ్గించాడు.

"అద్దాలు పలగలే గదా" అంది నాతో.

ఆఫీసులో ఆ మహలువాళ్ల పెద్దావిడ పప్పు ఏరుతూ కూర్చుంది. అందరూ ఆమెను బా అంటున్నారు, గుజరాతీలో అమ్మ అని. ఏం పని చేస్తావని హిందీలో అడిగింది. మగ్గం పని అన్నాను. అయితే సరిచెయ్యమని కింది నుంచి తెరనూ, ఒక సూదినీ తెప్పించింది. నాకు తెలిసిన మరమ్మతు ఒక్కటే, తెగిన పోగుకు ముడి వేయడం. ముడి మీద ముడి వేశాను. బా కళ్లద్దాలు పెట్టుకుని చాలాసేపు చూసింది.

"ఇందాకటిదాకా మెడే లేదు. ఇప్పుడు జామకాయ మింగినట్టుంది" అని సూది లాక్కుంది.

జరిమానా ఎంత అని అడిగాను. పోగు లాగితే ఎంతో బోర్డు మీద లేదు కాబట్టి తీసుకోనంది. దాన్ని బాగుచేసే మనిషి వేరే ఉన్నాడట. "మేడ మీదికి మాత్రం బోర్డు మీద ఉంది. ఇద్దరికీ వంద" అంది.

కట్టాను. బతికాననుకుని మెట్లవైపు తిరిగితే సుజాత కదలలేదు.

"పైసలు కట్టినం గదా. ఇగ మొదటికెళ్లి నిమ్మలంగ సూద్దాం పా" అంది. తర్వాత బా వైపు తిరిగి, ఉయ్యాలకు టికెట్ ఎంత అని తనకు వచ్చిన హిందీలో అడిగింది.

"బోర్డు మీద లేదు. కూర్చో బేటా" అంది బా.

సుజాత అద్దాల గదికి వెళ్లి ఊగింది. వందల ఉయ్యాలలు ఒక్కసారిగా కదిలాయి. గది మొత్తం ఊగింది. చేతులు చంకల్లో పెట్టుకుని నేను నోరు తెరిచి చూస్తూ నిలబడ్డాను.

పడుగు మీద ఒట్టు, పేక మీద ఒట్టు. ఇకమీదట ఏ మహలుకు పోయినా ముందు మేడ మీది టికెట్టే కొంటాను. లోపల ఏ పోగు వేలాడినా, అది నా చొక్కాదే అయినా సరే, ముట్టను.