చింతపండుతో తోమిన బూర

ఒక్క సాయంత్రంలో, నిమ్మకాయంత చింతపండుతో, అమెరికా చరిత్రలో కొంత భాగాన్ని సింకులోకి పంపిన ఘనుణ్ణి నేను. నవ్వుకోండి, ఫరవాలేదు. చివరిదాకా నవ్వగలరేమో చూద్దాం.

టెక్సస్‌లోని ఫ్రిస్కోలో మా వెనక వీధిలో మార్తా అనే చరిత్రకారిణి ఉంది. ఒకప్పుడు గుర్రాలతో, డేరాలతో ఊరూరా తిరిగి కౌబాయ్ ప్రదర్శనలిచ్చిన బృందాల గుర్తులు వెతికి తెచ్చి భద్రపరచడం ఆవిడ పని. రిటైరై, మా ఆవిడ సుగుణ వంటకి వంకలు పెడుతున్న రోజుల్లో నేను మార్తాకి సాయంగా చేరాను. ఆ ప్రదర్శనల చరిత్రంతా నా భుజాల మీదే నిలబడిందని గుళ్లో కనిపించిన వాళ్లందరికీ చెప్పేవాణ్ణి. ఒకాయనతోనైతే గుర్రం కూడా ఎక్కానన్నాను. మీ దగ్గర దాపరికం దేనికి, నా భుజాల మీదున్నవి అట్టపెట్టెలు. గుర్రాన్ని ఫోటోలోనే చూశాను.

లైబ్రరీలో ఆ వస్తువులన్నీ జనానికి చూపించే ముందు, మార్తా ఒక ఇత్తడి బూర నా చేతికిచ్చి, డాలస్ వెళ్లొస్తాను, రేపటిదాకా జాగ్రత్తగా ఉంచమంది. ఆట మొదలయ్యే ముందు జనాన్ని పిలవడానికి ఊదిన బూరట. మాడిన మూకుడులా ఉంది. ఇంత చదివిన మనిషికి ఇత్తడి తోమడం ఎవరూ నేర్పలేదు కాబోలని జాలిపడ్డాను. అప్పటికే సుగుణ పూజ సామాను కోసం చింతపండు నానబెట్టింది.

“ఆవిణ్ణి అడిగారా? ముందో టెక్స్ట్ చేయండి,” అంది.

“శుభ్రం చేస్తానంటే వద్దనేవాళ్లుంటారటే? సర్‌ప్రైజ్ చేద్దాం.”

“మీ సర్‌ప్రైజులు నాకు తెలీవూ. డిష్‌వాషర్ గుర్తుందా?”

గుర్తుంది గానీ, ఇది ఆ కథ కాదు. పీచు పెట్టి, పళ్లు బిగించి తోమాను. పీటల మీది పెళ్లికొడుకులా మెరిసింది బూర.

మర్నాడు మార్తా దాన్ని తిప్పి చూసి, అంచు దగ్గర వేలితో తడిమింది. మళ్లీ తడిమింది.

“ఇక్కడ రంగుతో రాసిన పేరుండేది,” అంది మెల్లగా.

బూర ఊదింది ఒక అమ్మాయట. పోస్టర్లలో మగవాళ్ల పేర్లే వేస్తే, ఆ పిల్ల తన పేరు తనే అంచు మీద రాసుకుంది. మసి కింద అక్షరాలున్నాయని మార్తాకి తెలుసు. అవేమిటో ఇంకా చదవలేదు. ఆ పేరు ఇంకెక్కడా లేదు.

“మళ్లీ రాద్దామా?” అన్నాను. నా తెలివి అలాంటిది.

“ఏమని?” అంది.

కోప్పడినా బాగుండేది. ఆ ఒక్క మాటా అని, బూరని మెత్తటి గుడ్డలో చుట్టి, పసిపాపలా ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. ఎక్కడి పిల్లో, ఎవరి పిల్లో. ఆమెని పిలవడానికిప్పుడు ఎవరి దగ్గరా పేరు లేదు.

లైబ్రరీకి సుగుణతో వెళ్లాను. గాజు పెట్టెలో బూర ధగధగలాడుతోంది. వస్తువుకి జరిగిందంతా ఉన్నదున్నట్టు రాయడం చరిత్రకారుల పద్ధతట. పక్కన కార్డు మీద, “ఊదినవారు: తెలియదు. తోమినవారు:” అని, ఆ తర్వాత ఇంటిపేరుతో సహా నా పేరు. ఈ దేశంలో నా పేరు తప్పుల్లేకుండా రాసింది అదొక్కసారే.

అందుకని అందరి ఎదుటా ఒట్టు వేస్తున్నాను. ఇక ఈ జన్మలో ఇత్తడి, రాగి, వెండి, ఏదీ తోమను. మా పూజ సామానుకి కూడా ఇదే వర్తిస్తుందన్నాను గానీ, సుగుణ ఒప్పుకోలేదు.