నీలం చీర, అమ్మవారి ఘటం

పొద్దున్నే మేనల్లుడు ఫోన్ చేశాడు. "అత్తా, సినమామ్మ ఫొటో ఒకటి పంపు. సంబరాలకి సెంటర్లో ఫ్లెక్సీ కడతన్నాం, మన ఊరి తార అని." నాకు ఒళ్లు మండిపోయింది. తారట!

వాడి చినమామ్మ అంటే మా నాన్న చెల్లెలు, నా చిన్నత్త. నాటకాలు వేస్తూ వేస్తూ మద్రాసు వెళ్లి, నలభై దాటాక 'పెద్దలకు మాత్రమే' అని ముద్ర వేసిన సినిమాల్లో నాయిక అయింది. పడుచు నాయికలు ఏడవడానికే పనికొచ్చే రోజుల్లో, చెవుల పక్క నెరిసిన జుట్టుతో, తనకేం కావాలో తెలిసిన ఇల్లాలిగా తెర మీద నిలబడేది. రాజాంలో అవి పొద్దుటాట వేసేవారు. ధాన్యం ధర కనుక్కొస్తామని మా ఊరి మగాళ్లు తలకు తువ్వాలు చుట్టుకుని వెళ్లేవారు, ఏ ధరా తెలియకుండా తిరిగొచ్చేవారు. ఆడవాళ్లు హాల్లోకి వెళ్లకపోయినా పోస్టరు చూడకుండా ఎవరాపగలరు? అందులో చిన్నత్త జాకెట్టు మెడ చూసి, రాజాం టైలరు చేత అలాగే కుట్టించుకున్నారు. ఈ వయసులో ముదురు రంగులేమిటని సణిగే మా అమ్మ కూడా కుట్టించుకుంది. చిన్నత్త పేరు మాత్రం ఎవరూ ఎత్తరు. ఇంత దొంగతనపు అభిమానం నేనెక్కడా చూడలేదు.

ఒక ఏడాది అమ్మవారి సంబరాలకు చిన్నత్త వచ్చింది. మా ఇంటి ఘటం ఇంటి ఆడపడుచే తలకెత్తుకోవాలి, ఆ ఏడు వంతు ఆమెది. దాని కోసం షూటింగుల మధ్య కూడా ఒంటిపూట తిని ఉపవాసాలుండి మరీ వచ్చింది. మా పెద్దత్త భర్త పెదమావయ్య, ఊరి పెద్దమనిషి, అందరి ముందూ అడ్డం తిరిగాడు.

"నీలం సీర కట్టి వానలో తడిసింది కాదేటి? ఆవిడా అమ్మోరి గటం ఎత్తేది?"

చిన్నత్త తాపీగా చూసింది. "పోస్టర్లో నా సీర ఎర్రగుంటాది బావా. నీలం సీర సూడాలంటే టిక్కెట్టు కొని లోపలికెల్లాల. నువ్వెప్పుడెల్లినావేటి?"

అందరూ పడీపడీ నవ్వారు, పెద్దత్త తప్ప. పరువు పోయేసరికి ఆయన ఇంకా బిగుసుకున్నాడు. "గటం మేనకోడలు ఎత్తుతాది" అని నన్ను చూపించాడు. అంత నవ్విన వాళ్లలో ఒక్కరూ ఇదేం న్యాయమని అడగలేదు. నేనూ అడగలేదు. ఆ కోపం నా మీద నాకు ఇప్పటికీ పోలేదు.

నా తల మీద చుట్టకుదురు సర్ది, ఘటం పెట్టింది చిన్నత్తే. "మెడ నిలబెట్టే. సూసేవోల్లకేసి సూడకు" అంది. ఆ సాయంత్రమే బస్సెక్కింది. మళ్లీ ఊరు రాలేదు. రెండేళ్ల క్రితం మద్రాసులోనే పోయింది.

మేనల్లుడికి నీలం చీర ఫొటోయే పంపాను. మధ్యాహ్నానికి ఫ్లెక్సీ కట్టేశారు. దాని కింద పెదమావయ్య కొడుకులు సెల్ఫీలు దిగి నాకే పంపారు. వద్దనడానికి ఒక్క నిమిషం పట్టిన ఊరికి, మనదనడానికి ముప్పై ఏళ్లు పట్టింది. ఘటమెత్తాల్సిన మనిషి వెళ్లిపోయాక, కాలం తీరిగ్గా వచ్చి ఫొటో అడుగుతోంది.