పేరు పెట్టి పిలిచిన చెన్నమ్మత్త

“మణెమ్మా, కూసో బిడ్డ. నిన్నెవరు పిలువలే.”

“కూసున్న అత్తా.”

వనపర్తి దవాఖానలో చెన్నమ్మత్తా నేనూ ఆఖరుగా మాట్లాడుకున్నవి ఈ రెండు మాటలే. ఎదురు మంచం మీది ముసలాయన నొప్పికి ఓర్వలేక నాలుకతో ట్చ్ ట్చ్ అన్నాడు. ఆమె పక్కన కూర్చున్న నేను ఉలిక్కిపడి లేచి నిలబడ్డాను. కళ్లు తెరవకుండానే ఆమె ఆ మాట అంది. ఆ సాయంత్రమే పోయింది. ఈ పొద్దున మా వాకిలి ముందు నుంచి ఎవరో ఎద్దులను తోలుకుపోతూ అదే చప్పుడు చేశారు. నా మోకాళ్లు వాటంతట అవే కదిలాయి. మంచంపట్టె గట్టిగా పట్టుకుని, నన్ను చూడవచ్చిన మా తమ్ముని బిడ్డ సుజాతను కాగితం తెమ్మన్నాను. నాకు సంతకం తప్ప రాయరాదు. నేను చెబుతున్నాను, ఆమె రాస్తోంది.

చెన్నమ్మత్త ఈ ఊళ్లో మా పక్కింటామె, నా భర్తకు వరుసకు మేనత్త. ఖిల్లా ఘణపూర్ దగ్గరి ఈ ఊరికి నేను కోడలిగా వచ్చినప్పటి నుంచీ మా రెండిళ్ల నడుమ ఒకటే మట్టిగోడ. ఇటు జరిగేదంతా ఆమెకు వినిపించేది. నాకు రెండు కాన్పులు నిలవలేదు. రెండోదాని తర్వాత నా భర్త నాతో మాట మానేశాడు. కొట్టలేదు, తాగలేదు, ఇంట్లో గింజలకు లోటు చేయలేదు. అన్నం కావాలంటే ట్చ్ ట్చ్. నీళ్లు కావాలంటే ట్చ్ ట్చ్. నేను జ్వరంతో పడి ఉన్నా అదే. కొట్టంలో ఎద్దులనూ అట్లాగే లేపేవాడు. వాటికైనా పేర్లున్నాయి, అప్పుడప్పుడు పేరు పెట్టి పిలిచేవాడు. నన్ను పిలవలేదు. ఏళ్లు గడిచిపోయాయి.

కులపెద్దలకు చెప్పుకుంటే నవ్వారు. “గట్ల నోరు మెదపని మొగడు దొరికితే మా ఇంట్ల ఆడోళ్లు కొబ్బరికాయ కొడ్తరు” అని ఒకాయన ఎకసెక్కమాడాడు. చెన్నమ్మత్త ఒక్కతే నవ్వలేదు. నన్ను వనపర్తిలో వకీలు దగ్గరికి తీసుకుపోయింది ఆమే. దెబ్బల గుర్తులున్నాయా అని వకీలు అడిగితే లేవన్నాను. మనసును నలిపినా చట్టం దాన్ని క్రూరత్వమనే అంటుందనీ, విడాకులు అడగడానికి అది చాలుననీ, కాకపోతే చూసినవాళ్లో విన్నవాళ్లో వచ్చి చెప్పాలనీ అన్నాడు. ఎవరు చెబుతారని నేను తల దించుకున్నాను. “గోడ నాది గాదా? నేను చెప్త” అంది చెన్నమ్మత్త. ఆమె వేరుశనగ చేనుకు నీళ్లు నా భర్త బోరు నుంచే పారేవి. సాక్ష్యం సంగతి తెలియగానే ఆయన ఆ నీళ్లు ఆపేశాడు. కాయ ఊరే వేళ చేను ఎండిపోయింది. ఆ మాట ఆమె నాతో ఎన్నడూ ఎత్తలేదు.

కోర్టులో ఆయన తరఫు వకీలు ఆమెను అడిగాడు.

“కొట్టంగ చూసినవా?”

“చూడలే.”

“తిట్టంగ విన్నవా?”

“తిట్టినా బాగుండు సారూ. మనిషితోని మాట్లాడినట్లుంటుండె.”

మరి ఎట్లా పిలిచేవాడని జడ్జిగారు అడిగారు. చెన్నమ్మత్త నాలుకతో ట్చ్ ట్చ్ అంది. వెనక బెంచీ మీదున్న నేను లేచి నిలబడ్డాను. లేచాననే సంగతి నిలబడ్డాకే తెలిసింది. టైపు కొట్టే చప్పుడు ఆగిపోయింది. జడ్జిగారు నన్నే చూస్తున్నారు. నా భర్త నేల చూపులు చూశాడు. తిరుగు బస్సులో చెన్నమ్మత్త చాలాసేపు ఏడ్చింది, అంతమందిలో నన్ను అట్లా లేపినందుకు. తర్వాత కొంగుతో ముఖం తుడుచుకుని, “ఇగ పేరు పెట్టి పిలిచేదాక లేవకు మణెమ్మ” అంది.

తీర్పు రాకముందే నా భర్త పొలంలో గుండె ఆగి చనిపోయాడు. మనిషే లేనప్పుడు విడాకులు ఎవరి నుంచి, కేసు మూసేస్తారన్నాడు వకీలు. కేసు వేసినప్పటి నుంచి తమ్ముని ఇంట్లో ఉన్న నన్ను ఈ ఇంటికి తెచ్చి గాజులు తీశారు. ఏడిస్తే ఆయన కోసమే అనుకున్నారు. ఆయన కోసమూ ఏడ్చాను, అబద్ధమెందుకు. కానీ నాకు జరిగింది క్రూరత్వమని ఒక్క కాగితం మీదైనా రాస్తారని చూశాను. రాయలేదు. కాగితాల్లో నేను ఆయన విధవనే. ఆ సాయంత్రం గోడ అవతల నుంచి “మణెమ్మా” అని పిలుపు వినిపించింది. ఏంది అత్తా అంటే ఏం లేదంది. తాను మంచాన పడేదాకా రోజూ అట్లాగే పిలిచింది, ఏ పనీ లేకుండానే.

ఇప్పుడు గోడ అవతల ఎవరూ లేరు. ఆ చప్పుడు వింటే నా ఒళ్లు ఇప్పటికీ లేవబోతుంది. అప్పుడు ఆమె పిలుపును నాకు నేనే గుర్తు చేసుకుంటాను.

సుజాతా, రాసినవా? జర మొదటి నుంచి చదువు బిడ్డ. అత్త నన్ను పిలిచిన కాడ గట్టిగ చదువు. నేను కూసోనే వింట.