కర్రపెండలం పంపిన గిన్నె

మా మేనత్త కాశమ్మ చేతి తిండి తింటే ప్రాణం మీదికి వస్తుందని తాండూరులో ఆమె వాడంతా నమ్మింది. నమ్మించింది తోడికోడలు మల్లీశ్వరి.

కొన్నేళ్ల కిందటి శివరాత్రికి అత్త వికారాబాద్ అంగడి నుంచి కర్రపెండలం తెచ్చి, అప్పట్లో తోడికోడళ్లిద్దరూ కలిసి ఉంటున్న ఇంట్లో పెట్టి పనికి పోయింది. ఆ గడ్డ పచ్చిగా తింటే విషం. మల్లీశ్వరి దాన్నీ పచ్చిగా తినే మొరంగడ్డ, అంటే చిలగడదుంప లాంటిదే అనుకుని, ఒక్కపొద్దు ఉపవాసం ఉన్న తన కూతురు సింధుజకు పచ్చిగానే కోసి పెట్టింది. పిల్ల వాంతులతో దవాఖానాలో పడింది. జనం అడిగితే, "కాశమ్మ పెట్టింది" అంది. అంతే, పెళ్లిళ్లకు సకినాలు చుట్టడానికి అత్తను పిలవడం మానేశారు. నిజం కనుక్కునే తీరిక ఎవరికుంటుంది!

అత్త ఎవరితోనూ వాదించలేదు. కర్రపెండలం వండడమూ మానలేదు.

ఈ చలికాలం ఒకనాడు నేను వెళ్లేసరికి పొయ్యి దగ్గరే ఉంది. తొక్కా, దాని కింది మందపు పొరా చెక్కేసి, ముక్కలను ఉప్పునీళ్లలో పగుళ్లు వచ్చేదాకా ఉడికించింది. నీళ్లు పారబోసి, నడిమి నార లాగేసి, బట్ట మీద ఆరబెట్టింది. సన్నమంట మీద ఒకసారి వేయించి, చల్లారాక పెద్దమంట మీద మళ్లీ వేసింది. ఉప్పూ కారం చల్లుతుండగా సింధుజ వచ్చింది. ఇప్పుడు ఇంటర్ చదువుతోంది.

"పెద్దమ్మా, వాసన మా ఇంటిదాక కొడుతున్నది. నాకు పెట్టవా?"

"మీ అమ్మకు తెలిస్తే నన్ను బతకనిస్తదా బిడ్డా?"

"తెలువనియ్యి. గా రోజు కోసి పెట్టిందెవరో నాకు యాదికి లేదా? అప్పుడు అమ్మనే నా నోరు మూయించింది."

అత్త చెయ్యి ఆగింది. ముందు తానొక ముక్క నమిలి, తర్వాత పిల్లకిచ్చింది.

"మస్తున్నది. అమ్మకు గూడ ఇయ్యి."

అత్త గిన్నె నిండా పెట్టి పంపింది.

మా వైపు తిన్నవాళ్లు గిన్నెను వట్టిగా తిప్పి పంపరు. అది ఎట్లా వస్తుందోనని అత్త గుమ్మం వైపే చూస్తూ కూర్చుంది. నేను కొడంగల్ బస్సుకు లేచేదాకా రాలేదు.

మళ్లీ కలిసినప్పుడు అదే అడిగాను.

"వచ్చిందిరా. కందిపప్పు పోసి పంపింది."

"తప్పయిందని అన్నదా మరి? వాడల నలుగురికి చెప్పిందా?"

అత్త కుండ మీది మూత తీసి చూసింది.

"నోరైతే తెరువలే. పప్పు మాత్రం మంచిగ ఉడికింది. కూసో, జర తిని పో."